ఆడపిల్లల వరసలో కోలీన్

బడి తెరవడానికి నాలుగు రోజుల ముందు, గురువారం మధ్యాహ్నం, నాప్లా కిటికీ దగ్గర కూర్చుని కొడుకు పావడా అంచు విప్పి రెండు వేళ్ళ వెడల్పు కిందికి దించింది. ఏడాదిలో పిల్లవాడు అంత పొడుగయ్యాడు. ఎర్ర ఉన్ని పావడా అది. ఆ ఉన్ని వడికింది నాప్లా తల్లి. మంజిష్ఠ వేరు ఉడకబెట్టి రంగు వేసిందీ ఆవిడే. కూతురు ఓడ ఎక్కే రోజున ఆ గుడ్డ తాను చుట్టి చంకలో పెట్టి, "అక్కడ అన్నీ దొరుకుతాయంటారు గానీ ఇది దొరకదే" అంది. అప్పటికి నాప్లాకి పెళ్ళే కాలేదు.

ఐర్లండు పడమటి కొసన ఉన్న ఆ చిన్న దీవిలో మగపిల్లలు పన్నెండేళ్ళు వచ్చేదాకా పావడాలే కట్టుకుంటారు. జుట్టు కత్తిరించరు. ఎందుకో అక్కడ పాలు తాగే పిల్లలకి కూడా తెలుసు. గడ్డి దిబ్బల కింద ఉండేవాళ్ళకి మగపిల్లలంటే ఆశ. మనసు పడినవాణ్ణి ఎత్తుకుపోయి, అచ్చం వాడి పోలికే ఉన్న ఒక నీరసపు బొమ్మని పక్కలో వదిలేసి పోతారు. ఆ బొమ్మ నాలుగు రోజులు మూలిగి కన్ను మూస్తుంది. ఆడపిల్లల జోలికి మాత్రం రారు. ఆ దిబ్బల కిందివాళ్ళని పేరు పెట్టి పిలవకూడదు, పిలిస్తే వింటారు. 'మంచివాళ్ళు' అనాలి.

ఇప్పుడు నాప్లా ఉన్నది దీవిలో కాదు, అమెరికాలో పోర్ట్‌లాండ్ రేవు మీది కొండపైన, మూడంతస్తుల చెక్క ఇంట్లో, నడిమి అంతస్తులో. ఆ వీధి పొడుగునా వాళ్ళ వైపు వాళ్ళే. మెట్ల మీద వాళ్ళ భాషే, కుండల్లో బంగాళాదుంపలూ ఉప్పుచేపే. మొగుడు బార్ట్లా రేవులో గోధుమ ఓడలకి బరువు మోస్తాడు. కోలీన్ ఒక్కడే కొడుకు. ఆరో ఏడు నడుస్తోంది.

"ఇదేం పిచ్చే నీకు?" అంది ఆడపడుచు డెలియా. బార్ట్లాకి అక్క ఆవిడ. పదేళ్ళ కిందటే వచ్చి ఒక పెద్దింట్లో వంటపనికి కుదిరింది. గురువారం పూట సెలవు. ఈకలున్న టోపీ తీయకుండానే టీ తాగుతోంది. "ఇది అమెరికా. వీధి వీధికీ దీపాలున్నాయి, ట్రాములు తిరుగుతున్నాయి. నీ మంచివాళ్ళు ట్రాము ఎక్కి వస్తారా మీ ఇంటికి?"

"ఎక్కరని నీకెవరు చెప్పారే?" కింది అంతస్తు సొరఖా అవ్వ పొయ్యి పక్కనుంచి అందుకుంది. "ఓడలో టికెట్లు మననడిగారు. వాళ్ళనడిగినోడు ఎవడు?"

"వాళ్ళకి ఉప్పునీళ్ళు పడవంటారుగా అవ్వా, సముద్రం ఎలా దాటతారు?"

"ఉప్పునీళ్ళు పడకపోతే చుట్టూ సముద్రం పెట్టుకుని దీవిలో ఎందుకుంటారే? టోపీ పెట్టుకోగానే తెలివి రాదు. ఈకలొస్తాయి అంతే."

డెలియా నవ్వేసింది. నవ్వుతూనే మరదలి వైపు తిరిగింది. "సరే, వస్తారనే అనుకుందాం. బడిలో పిల్లలు వీణ్ణి బతకనిస్తారా? మా దొరసాని కొడుకు వీడంతే ఉంటాడు. నిక్కరేసుకుని సైకిలు తొక్కుతాడు."

"తొక్కనీ వదినా" అంది నాప్లా సూదిలో దారం ఎక్కిస్తూ. "వాళ్ళని ఎవరూ ఎత్తుకుపోరు. వాళ్ళకి ఆ భయం లేదు."

బార్ట్లా ఆ మాటే ఇంకోలా అన్నాడు, సాయంత్రం కాళ్ళు కడుక్కుంటూ. "బడికి మాత్రం నిక్కరులో పంపవే."

"సిస్టర్లని అడుగుతా" అంది నాప్లా. అడిగేటంత ఇంగ్లీషు ఆమెకి లేదని ఇద్దరికీ తెలుసు. ఆయన ఊరుకున్నాడు. పొద్దున్నే పనికి పోయి చీకటి పడ్డాక వచ్చే మనిషికి పోట్లాడే ఓపిక ఎక్కడిది.

చర్చి పక్కన సన్యాసినులు నడిపే బడి అది. రెండు తలుపులు, ఒకటి ఆడపిల్లలకి, ఒకటి మగపిల్లలకి. మొదటి రోజున గుమ్మం దగ్గర బల్ల వేసుకుని సిస్టర్ లియోకాడియా పేర్లు రాస్తోంది. చిన్న వయసే, బుగ్గలు ఎర్రగా ఉన్నాయి. ఎర్ర పావడా, భుజాల దాకా ఉంగరాల జుట్టు, తల్లి శాలువా వెనక సగం దాక్కున్న మొహం చూసి ముచ్చటపడింది.

"పేరేంటమ్మా?"

ఆ ప్రశ్న నాప్లాకి వచ్చు. "కోలీన్, సిస్టర్."

సిస్టర్ మొహం వెలిగిపోయింది. "కోలీన్! ఎంత చక్కటి పేరు! మా అమ్మమ్మ మీ దేశంనుంచే వచ్చింది, నన్ను అలాగే పిలిచేది" అంటూ రాసేసుకుంది. నాప్లాకి అందులో 'చక్కటి' అన్నది ఒక్కటే అర్థమైంది. "థాంక్యూ సిస్టర్" అంది. పిల్లవాణ్ణి చెయ్యి పట్టుకుని ఎడమచేతి తలుపులోకి తీసుకెళ్ళారు. చిన్నపిల్లలందరినీ అటే పంపుతారు కాబోలు అనుకుంది.

అసలు సంగతి మూడో రోజున ఊనా చెప్పింది. ఊనా సొరఖా అవ్వ మనవరాలు, కోలీన్ పక్కనే కూర్చుంటుంది. ఆ పిల్ల నోట్లో నువ్వుగింజ నానదు.

"అత్తా, అత్తా, మన కోలీన్ని ఆడపిల్ల అనుకుంటున్నారు! ఇంగ్లీషులో కోలీన్ అంటే అమ్మాయట. పుస్తకంలో కూడా అమ్మాయనే రాశారు. నేను చెప్పబోతే సిస్టర్ నోరు మూసుకోమంది."

నాప్లా చేతిలో బంగాళాదుంప అలాగే ఉండిపోయింది. నిజమే. వాళ్ళ భాషలో ఆడపిల్లని 'కాలీన్' అంటారు. ఆ మాట సముద్రం దాటి ఇంగ్లీషు వాళ్ళ నోట్లో పడి 'కోలీన్' అయి కూర్చుంది. ఇంటి పెద్ద పేరు, మామగారి పేరు, దీవి ఎదుటి ఒడ్డున ఇంటికొకడు చొప్పున మగాళ్ళు మోసే పేరు, ఇక్కడికొచ్చేసరికి ఆడపిల్ల పేరై పోయింది.

ఇంకెవరైనా అయితే కొంగు బిగించి ఆ క్షణానే బడికి పరిగెత్తేవాళ్ళు. నాప్లా మాత్రం కుర్చీ లాక్కుని కూర్చుంది. గుండెల మీదనుంచి పెద్ద బండ దొర్లిపోయినట్టు అనిపించింది. పావడా ఒక్కటే కాదు, పేరు కూడా. పేరు ఒక్కటే కాదు, పుస్తకంలో సిరాతో రాసింది. మంచివాళ్ళకి చదువు వచ్చో రాదో గానీ, ఒకవేళ వస్తే? వచ్చి ఆ పుస్తకం తెరిచి చూసుకున్నా సరే, అక్కడ మగపిల్లవాడు లేడు.

"ఊనా, నా తల్లి కదూ. ఈ మాట నీ దగ్గరే ఉంచు. అవ్వకి కూడా చెప్పకు" అని ఆ పిల్ల చేతిలో బెల్లపు పాకం బిళ్ళ పెట్టింది. కొడుక్కి మటుకు ఒక్కటే చెప్పింది. "బడిలో ఒంటికి పోసుకోకురా నాన్నా. మధ్యాహ్నం ఇంటికొచ్చి పోసుకో."

వాడు సరేనన్నాడు. రోజూ మధ్యాహ్నం గంట కొట్టగానే పావడా రెండు చేతులా ఎత్తి పట్టుకుని, పెదవి పంటికింద బిగించి, కొండ ఎక్కి పరిగెత్తుకుంటూ వచ్చేవాడు. మెట్ల మీద ఆ పరుగు వినపడితే నాప్లాకి నవ్వొచ్చేది.

ఆమెకి అంత భయం ఎందుకో బార్ట్లాకి కూడా తెలియదు. ఎవరికీ తెలియదు.

దీవిలో ఆమెకి ఒక తమ్ముడుండేవాడు, ఫెస్టీ. వాడికి అయిదేళ్ళు, ఆమెకి తొమ్మిది. అలలు లేని ఒక మే నెల పొద్దున, అమ్మా నాన్నా సముద్రపు నాచు కోతకి పోయారు. నాన్న పంట్లాం రాతిగోడ మీద ఆరుతోంది. ఆడపిల్ల బుద్ధి, ఆటకి ఏదో ఒకటి కావాలి. తమ్ముడికి పావడా మీదనే ఆ పంట్లాం తొడిగి, చంకల కింద గడ్డితాడు బిగించి కట్టి, వాణ్ణి ఒడ్డుకి తీసుకెళ్ళింది. "ఇదిగో మా ఇంటి యజమాని" అని పొరుగు పిల్లలకి చూపించింది. సాయంత్రానికి పంట్లాం మళ్ళీ గోడ మీద ఉంది. మూడో రోజున వాడికి జ్వరం వచ్చింది. ఎనిమిదో రోజున అయిపోయింది. "ఎలా కనిపెట్టారే నా బిడ్డని? వీడు మగాడని వాళ్ళకి ఎవరు చెప్పారే?" అని తల్లి గుండెలు బాదుకుంది. నాప్లా గోడ పక్కన నిలబడి పంట్లాం వంక చూసింది. ఆ రోజు మింగిన మాట ఈ రోజుకీ గొంతులోనే ఉంది. పదిహేనేళ్ళు, ఒక సముద్రం, ఒక పెళ్ళి, ఒక కానుపు. ఏదీ దాన్ని కిందికి దింపలేదు.

ఆ శరదృతువు మాత్రం ఆమెకి హాయిగా గడిచింది. ఈ దేశం వచ్చాక అంత నిశ్చింతగా ఎప్పుడూ లేదు. సాయంత్రాలు పొయ్యి దగ్గర కోలీన్‌ని ఒళ్ళో కూర్చోబెట్టుకుని దీవి కబుర్లు చెప్పేది. బాడవ నేలలో కోసి ఎండబెట్టిన మట్టిపెళ్ళలు మండుతుంటే వచ్చే వాసన ఈ బొగ్గుకి రాదనేది. పోటు తగ్గాక రాళ్ళకి అంటుకున్న నత్తలు ఊడబెరికి తినడం, సీలు జంతువులు మనుషుల్లా తలెత్తి చూడడం, ఆదివారం పూట పడవల్లో చర్చికి పోతుంటే ఆడవాళ్ళందరి ఎర్ర పావడాలూ నీళ్ళలో కనపడడం. చెబుతూ చెబుతూ తనే ఎక్కడికో వెళ్ళిపోయేది. కిందినుంచి ట్రాము గంట వినపడితే ఉలిక్కిపడి, ఇదెక్కడి చప్పుడు అనుకునేది.

"మన ఇల్లు కనపడుతుందా అమ్మా, ఇక్కడి రేవు చివర నిలబడితే?"

"కనపడదురా. కానీ అక్కడి నీళ్ళే ఇక్కడికీ వస్తాయి."

తన కబుర్లలో తను ఉండి కొడుకు వంక సరిగ్గా చూడలేదేమో. అక్టోబరు వెళ్ళేసరికి కోలీన్ వీధిలోకి పోవడం మానేశాడు. కిటికీ అద్దానికి ముక్కు ఆనించి, కింద డబ్బా తన్నుకుంటూ ఆడే మగపిల్లల్ని చూస్తుండేవాడు. ఒకరోజు జడలో నీలం రిబ్బనుతో వచ్చాడు. బడిలో ఆడపిల్లలు కట్టారట. "ఎంత బాగుందిరా!" అని నాప్లా నవ్వింది. వాడు రిబ్బను లాగి పారేశాడు. దాంతోపాటు నాలుగు వెంట్రుకలు కూడా వచ్చాయి. ఏడవలేదు.

"ఏమైందిరా?"

"ఏం లేదు."

అయిదేళ్ళ పిల్లవాడు 'ఏం లేదు' అంటే ఎంతో ఉందని తల్లికి తెలియదా? తెలుసు. కానీ ఆ ఎంతోలోకి చెయ్యి పెట్టడానికి ధైర్యం చాలలేదు.

ఊనా నోరు నవంబరు చివరిదాకా ఆగింది. ఆ పిల్లకి అదే ఎక్కువ. డిసెంబరులో మరియమ్మ పండగకి తెల్ల గౌన్లు వేసుకుని పూలబుట్టలతో నడవడానికి సిస్టర్ ఆరుగురు ఆడపిల్లల్ని ఎంచింది. కోలీన్‌ని ఎంచింది, ఊనాని ఎంచలేదు. ఆ పిల్లకి ఒళ్ళు మండింది. తండ్రి పాచీన్ బల్ల దగ్గర కూర్చోగానే మొత్తం కక్కేసింది.

మర్నాడు శనివారం. ఆ మర్నాడు ఆదివారం, చర్చినుంచి వచ్చాక బార్ట్లా తలుపు వేసి, టోపీ బల్ల మీద విసిరికొట్టాడు.

"నిన్న రేవులో పాచీన్ ఏమన్నాడో తెలుసా? 'ఏం బార్ట్లా, కూతురు పుట్టిందని చెప్పనే లేదు, మాకు తాగించాల్సి వస్తుందనా?' అన్నాడు. ఓడలోకి గోధుమలు పోసే గొట్టం కింద ఎంతమంది ఉన్నారో అంతమందీ పడీ పడీ నవ్వారు. నాకర్థం కాక నేనూ నవ్వాను. నేనూ నవ్వానే! ఆ తర్వాత చెప్పాడు."

నాప్లా పొయ్యి వైపు తిరిగింది. "సిస్టరే పొరపాటు పడింది..."

"మూడు నెలలా? మూడు నెలలు ఆవిడ పొరపాటు పడుతుంటే నువ్వేం చేశావు, దండం పెట్టావా? వాడు మా నాన్న పేరు పెట్టుకున్నవాడే! ఆ ఒడ్డున కోలీన్ మోర్ అంటే పడవలు దారిచ్చేవి. ఆయన పేరుకి గౌను తొడిగి పూలబుట్ట ఇస్తావా?"

"పేరు మీ నాన్నదే. ప్రాణం మాత్రం నా బిడ్డది" అంది నాప్లా. "పేరు పోతే పోనీ. నవ్వితే నవ్వనీ. నవ్వుకి ఎవడూ చచ్చిపోడు."

"పిల్లవాడి మొహం చూశావా నువ్వు ఈ మధ్య?"

"నా బిడ్డ మొహం నాకు నువ్వు చూపించక్కర్లేదు."

అప్పుడు బల్ల కిందనుంచి ఒక గొంతు వచ్చింది. వాడు ఎప్పుడు దూరాడో ఇద్దరూ చూడలేదు.

"వాళ్ళెప్పుడొస్తారమ్మా?"

"ఎవర్రా?"

"మంచివాళ్ళు."

నాప్లా వంగి బల్ల కిందికి చూసింది. మోకాళ్ళ మీదికి పావడా లాక్కుని కూర్చున్నాడు. "రారు నాన్నా. నువ్వు పావడాలో ఉన్నావుగా, రారు. భయపడకు."

"భయం కాదు." వాడు పావడా అంచు వేలికి చుట్టుకున్నాడు. "వాళ్ళకి మగపిల్లలంటే ఇష్టం కదా. వస్తే వాళ్ళతో వెళ్ళిపోతా."

పొయ్యి మీద క్యాబేజీ మాడుతోంది. ఎవరూ దించలేదు. ఎవరు తీసుకుపోతారోనని తను కళ్ళలో వత్తులు వేసుకుని కాపలా కాసిన పిల్లవాడు తనంతట తనే పోతానంటున్నాడు.

నాప్లా లేచి, శాలువా కప్పుకుని, వాడికీ ఒకటి చుట్టి, చెయ్యి పట్టుకుని బయటికి నడిచింది. కొండ చివర, సముద్రం కనపడే చోట బెంచీలున్నాయి. నవంబరు ఎండ, వెలుగే గానీ వెచ్చదనం లేదు. దీవులూ, పొగ వదులుతున్న ఓడా, బూడిదరంగు నీళ్ళూ. బార్ట్లా చేతులు జేబుల్లో పెట్టుకుని పదడుగుల వెనక వస్తూనే ఉన్నాడు.

"నాకు ఒక తమ్ముడుండేవాడురా" అని మొదలుపెట్టింది.

మొదటిసారి ఆ మాట పైకి చెప్పడం. గోడ మీద పంట్లాం, గడ్డితాడు, ఒడ్డు. చెప్పింది కొడుక్కే గానీ వినాల్సినవాడు వెనక ఉన్నాడని తెలుసు. వెనక్కి తిరగలేదు. జ్వరం మాట చెప్పి, వాడి శాలువా ఇంకాస్త బిగించింది.

కోలీన్ జ్వరం సంగతి అడగలేదు. "మరి పంట్లాం ఊడిపోలేదా?"

"ఊడింది. రెండుసార్లు."

"అందరి ముందా?"

"అందరి ముందే. కాళ్ళు చిక్కుకుని నాచులో బోర్లా పడ్డాడు. లేచి మళ్ళీ నాన్నలాగా నడవబోయాడు. నడుం మీద చేతులు పెట్టుకుని, 'ఏయ్, పడవ లాగండ్రా' అని మమ్మల్నే గదమాయించాడు, నత్తగుల్లంత ఉన్నవాడు..."

అంటుండగానే ఆమెకి నవ్వొచ్చింది. నవ్వు వచ్చినందుకు భయం వేసింది. ఇన్నేళ్ళూ ఆ రోజంటే ఎనిమిదో రోజే గుర్తొచ్చేది. ఒడ్డున వాడు అంతలా నవ్వాడని, ఎక్కిళ్ళు వచ్చేదాకా నవ్వాడని, ఇంటికి వెళ్దాం రమ్మంటే రానన్నాడని ఒక్కసారీ గుర్తు రాలేదు. వాడి ముందుపళ్ళ మధ్య సందు కూడా కనపడింది ఇప్పుడు. ఆ సందు సంగతే మరిచిపోయింది తను.

బార్ట్లా వచ్చి బెంచీ చివర కూర్చున్నాడు.

"ఆ ఏడు మా ఒడ్డునా జ్వరాలే" అన్నాడు సముద్రం వంక చూస్తూ. "మా వీధిలో నలుగురు పోయారు. ముగ్గురు పావడాలు కట్టిన మగపిల్లలే. ఒకత్తి ఆడపిల్ల."

"నాకెప్పుడూ చెప్పలేదేం?"

"నువ్వెప్పుడూ అడగలేదేం?"

ఆ మాటకి ఆమె భయం ఏమీ పోలేదు. పదిహేనేళ్ళది, ఒక పూటలో పోతుందా? జ్వరమైతే జ్వరం, మంచివాళ్ళైతే మంచివాళ్ళు, ఫెస్టీ లేడు. కానీ పక్కన కూర్చున్నవాడు ఉన్నాడు. పోతానంటున్నాడు.

"రేపు నిక్కరు తొడుగుతా" అంది.

"మాటేనా?"

"మాటే. కొనుక్కురా, ఆదివారం పూట ఎవరు అమ్ముతారో."

"సందు చివర యూదుడి కొట్టుంది. ఆయనకి సెలవు శనివారం, ఆదివారం కాదు" అని బార్ట్లా లేచాడు. లేచి, రెండడుగులు వేసి, మళ్ళీ వచ్చి పెళ్ళాం శాలువా భుజం మీదికి సర్ది వెళ్ళాడు.

ఆ సాయంత్రం సొరఖా అవ్వ కత్తెర తెచ్చి వాడి జుట్టు కత్తిరించింది. కత్తిరిస్తున్నంతసేపూ గొణుగుతూనే ఉంది, ఇంత తొందరేం వచ్చిందని, పన్నెండేళ్ళు ఆగలేకపోయారా అని. అక్కడైతే రాలిన జుట్టు ఇంటి గోడ రాళ్ళ సందులో దాస్తారు. ఇక్కడ గోడలు చెక్కవి. నాప్లా ఆ ఉంగరాలన్నీ ఏరి గుడ్డలో మూటకట్టి పొయ్యి వెనక పలకల సందులోకి నెట్టింది.

సోమవారం పొద్దున సిస్టర్ లియోకాడియా గుమ్మంలో నిలబడి ఉంది. ముదురు నీలం నిక్కరు, నల్ల మేజోళ్ళు, చెవుల దాకా దిగిన టోపీ పెట్టుకున్న పిల్లవాణ్ణి చూసి, "వీడు కోలీన్ తమ్ముడా?" అంది.

రాత్రంతా వల్లించుకున్న ఇంగ్లీషు నాప్లాకి ఆ క్షణంలో మాయమైంది. "సిస్టర్. కోలీన్ ఇతనే. మగ. నాకు తెలుసు. మొదటినుంచీ. నేను చెప్పలేదు. తప్పు నాది."

సిస్టర్ బుగ్గలు ఇంకా ఎర్రబడ్డాయి. "మూడు నెలలు! తెల్ల గౌను కూడా కుట్టించాం! ఎందుకు చెప్పలేదమ్మా?"

దిబ్బలూ, పంట్లామూ, గడ్డితాడూ ఇంగ్లీషులో ఎలా చెప్పాలి? ఆమె దగ్గర ఉన్నది ఒక్కటే మాట. "భయం" అంది.

సిస్టర్ ఆ మొహం చూసింది. లోపలికి తీసుకెళ్ళి పుస్తకం తెరిచి, ఆడపిల్లల పేజీలో ఒక గీత కొట్టింది. పేజీలు తిప్పి కలం సిరాలో ముంచింది.

"సరే. అబ్బాయి పేరు సరిగ్గా చెప్పండి."

నాప్లా నిటారుగా నిలబడింది. ఒడ్డున ఎవరైనా నువ్వెవరి బిడ్డవని అడిగితే చెప్పాల్సిన పద్ధతి ఒకటుంది. "కోలీన్, బార్ట్లా కొడుకు, కోలీన్ మోర్ మనవడు, పడవల టాయిగ్ మునిమనవడు..." అని వాళ్ళ భాషలో, వాళ్ళ ఒడ్డు రాగంలో చెప్పుకుంటూ పోయింది. ఆ గదిలో ఆ పేర్లు ఎవరూ ఎప్పుడూ విని ఉండరు. బ్లాకుబోర్డు, గోడమీది పటం, సిరాబుడ్డి అన్నీ వింటున్నట్టే ఉన్నాయి. కలం గాల్లో ఆగిపోయింది.

"అంత చోటు లేదమ్మా ఇక్కడ" అంది సిస్టర్ మెల్లిగా. "కోలీన్ అంటే మళ్ళీ ఎవరో ఒకరు అమ్మాయనే అనుకుంటారు. కోల్మన్ అని రాయనా? అది మీ దేశపు పునీతుడి పేరే."

నాప్లాకి సగమే అర్థమైంది, కోల్మన్ అన్నది మాత్రం తెలిసిన పేరే. కొడుకు వంక చూసింది. వాడు తలుపు వైపు చూస్తున్నాడు.

"రాయండి సిస్టర్." పెదాల్లోనే ఒకసారి అనుకుంది, కోల్మన్. కొత్త చెప్పులా కరిచింది.

కుడిచేతి తలుపు దగ్గర వాడు ఆమె చెయ్యి వదిలేశాడు. వెనక్కి చూస్తాడేమోనని నిలబడింది. చూడలేదు.

ఇంటికి పోలేదు నాప్లా. ఇనప కమ్మీలు పట్టుకుని అక్కడే నిలబడింది. మంచు తుంపర పడింది, ఆగింది. బొగ్గు బండివాడు "ఎవరికోసం తల్లీ?" అని అడిగి జవాబు రాక వెళ్ళిపోయాడు. లోపలినుంచి ఎక్కాలు చదివే గొంతులు వినపడుతున్నాయి. అందులో తన బిడ్డ గొంతు ఏదో పోల్చుకోవాలని చెవులు రిక్కించింది. ఒకసారి దగ్గు వినపడితే, వాడిదేనని ప్రాణం గిలగిల్లాడింది. నుదురు వెచ్చగా ఉందేమో, పొద్దున చూశానా? చూశాను. మళ్ళీ చూడాల్సింది.

పన్నెండు గంటలు కొట్టారు.

కుడిచేతి తలుపు తెరుచుకుంది. ఏట్లో చేపపిల్లల్లా మగపిల్లలు బిలబిలమని బయటపడ్డారు. ముదురు నిక్కర్లు, నల్ల మేజోళ్ళు, టోపీలు. ఒకణ్ణొకడు తోసుకుంటూ, ఇంగ్లీషులో అరుచుకుంటూ, అందరూ ఒక్క తల్లి పిల్లల్లా ఉన్నారు. నాప్లా ఒక్కొక్క టోపీ కిందా వెతికింది. ఇటు కాదు. అటు కాదు. ఎర్రటిది ఒక్కటి కూడా లేదు చూపు ఆనడానికి. ఇన్నేళ్ళూ వాడు సంతలో ఉన్నా, చర్చిలో ఉన్నా ఆ ఎర్రదనాన్ని పట్టుకునే వెతుక్కుంది తను. లేడు. ఒక్క పూట, ఒకే ఒక్క పూటలో...

పేరు పెట్టి అరవబోయి, నోరు తెరిచి, ఆగింది.

నవమాసాలు మోసిన తల్లి. రోజూ వాడి మెడ వెనక మురికి తోమిన తల్లి. తనకే ఆనవాలు చిక్కడం లేదు. మరి మంచివాళ్ళకి? వాళ్ళు ఇప్పుడే ఇక్కడే ఈ కమ్మీల పక్కనే నిలబడి ఉన్నా సరే, ఇంతమందిలో ఎవణ్ణని ఎంచుకుంటారు? ఏ టోపీ ఎత్తి చూస్తారు? పేరు పెట్టి పిలిస్తే తనే చూపించినట్టవుతుంది.

తెరిచిన నోరు మెల్లిగా మూసుకుంది. కమ్మీ వదిలేసరికి అరచేతుల నిండా తుప్పు.

పిల్లల గుంపు వీధిలోకి తిరిగి కొండెక్కుతోంది. వాళ్ళలో ఒకడు తనవాడు. ఎవడైతేనేం. శాలువా తల మీదికి లాక్కుని, ఏమీ ఎరగని మనిషిలా, వెతకడం మానేసి, ఆ గుంపు వెనకాలే దూరంగా నడవడం మొదలుపెట్టింది నాప్లా.